వాపును బలుపంటున్నారు
తొర్రూరు ప్రాంతంలో దళితుల తిండి, ఒళ్లు, రాజ్యం: ఒక చారిత్రక పరిశీలన

తెలుగులో ‘బలుపు’ అనే మాటకు కులం ఉంది. దొర ఒళ్లు చేస్తే నిండుగా ఉన్నాడంటారు. మాదిగ పిల్లగాడు తలెత్తి నడిస్తే ‘కూడెక్కువై బలిసిండు’ అంటారు. దళితుడు కడుపు నిండా తినడాన్నే ధిక్కారంగా చూసిన సమాజం మనది. ఇప్పుడు అదే సమాజం కొత్త మాట అందుకుంది. కంట్రోలు బియ్యం అగ్గువకు దొరికి కూలోళ్లు పని మానేశారట, తిని లావెక్కుతున్నారట, షుగరు, బీపీ తెచ్చుకుంటున్నారట.

ఈ మాటను విని ఊరుకోలేం. ఒళ్లు పెరుగుతున్నది నిజం. షుగరు వాడలోకి వచ్చిందీ నిజం. దానికి వాళ్లు చెప్పే కారణమే అబద్ధం. వాపును చూసి బలుపనుకోవద్దని పెద్దలు ఊరికే అనలేదు. మన ఇండ్లల్లో కనిపించే ఈ లావు ఎక్కువ తిన్నందువల్ల వచ్చింది కాదు. తరతరాలు తిండి లేక ఎండిన ఒంటికి రాజ్యం ఒక్క గింజను మాత్రమే చూపించి, మిగతా తిండినంతా దూరం చేయడం వల్ల వచ్చింది. ఈ విషయాన్ని తొర్రూరు చుట్టుపక్కల చరిత్ర నుంచి చూద్దాం.

తరి దొరది, చెలక మనది

నిజాం రెవెన్యూ భాషలో నీళ్లు పారే భూమి ‘తరి’, వాన మీద బతికే మెట్ట ‘ఖుష్కి’. వరంగల్ ప్రాంతం కాకతీయుల నాటి నుంచి చెరువులకు పేరు. కానీ చెరువు కింది తరి ఎక్కువగా దొరల, పటేళ్ల చేతుల్లో ఉండేది. మాల మాదిగలకు గుంటెడో ఎకరమో ఉంటే అది చాలావరకు చెలకే. అందుకే వరన్నం దొరది, జొన్న గటక మనది. నాట్లేసి, కోసి, కట్ట కొట్టింది మన ఆడవాళ్లే అయినా వాళ్ల ఇంట్లో తెల్లబువ్వ కనిపించేది పండుగకో పబ్బానికో. తొర్రూరుకు దగ్గరి పాలకుర్తిలో చాకలి ఐలమ్మ విసునూరు దేశ్‌ముఖ్‌తో తలపడింది కౌలు భూమి కోసం, అందులో పండిన గింజల కోసం. తెలంగాణ సాయుధ పోరాటాన్ని భూమి పోరాటమని రాస్తారు. అది తిండి పోరాటం కూడా.

అప్పటి తిండిని పొగిడి పాతకాలమే బాగుండెనని అనడం మన ఉద్దేశం కాదు. వెట్టి చేసే మనిషికి కడుపు నిండింది ఎన్నడు? కానీ దొరికిన కొద్ది తిండిలో పలు రకాలుండేవి. జొన్న, సజ్జ, తైదలు, కొర్రలు, చెలకలో జొన్నతో కలిపి వేసిన కంది, పెసర, బొబ్బర, కలుపు తీస్తూ ఒడిలో వేసుకొచ్చిన చెంచలికూర, తుమ్మికూర. కూలి కూడా చాలావరకు గింజల్లోనే వచ్చేది. చచ్చిన పశువును ఎత్తడం మాదిగల మీద మోపిన వెట్టి. ఆ మాంసమే కూర, ఎండబెట్టిన తునకలే వానాకాలానికి ఆదెరువు. 1927లో మహద్‌లో అంబేద్కర్ చచ్చిన పశువు మాంసం మానేయమన్నారు. ఆత్మగౌరవం కోసం ఇచ్చిన ఆ పిలుపు సరైనదే. అయితే ఆ మాంసం స్థానంలో పప్పో గుడ్డో మరో మాంసమో వాడకు చేర్చాల్సిన బాధ్యత ఎవరిది? ఈ ప్రశ్నను మాత్రం ఏ సర్కారూ తీసుకోలేదు.

రెండు రూపాయల బియ్యం

1983లో ఎన్.టి. రామారావు ప్రభుత్వం కిలో బియ్యం రెండు రూపాయలకు ఇచ్చింది. ఈ పథకాన్ని ఓట్ల ఎరగా మాత్రమే చూసేవాళ్లు ఆకలి ఎరగని వాళ్లు. వాడలో పొయ్యి రెండు పూటలా వెలిగింది. దొర దగ్గర గింజలు అప్పు తెచ్చి ఏడాదంతా జీతం ఉండే అవసరం తగ్గింది. తెల్లబువ్వ తినడమంటే దొరతో సమానంగా కూర్చున్నట్టే అనిపించింది. ఆ గౌరవం చిన్నది కాదు.

కానీ ఇందులో ఇంకో సంగతి కూడా ఉంది. సర్కారు కొన్నది వడ్లనే, మిల్లు ఆడించింది వడ్లనే, పంచింది బియ్యాన్నే. జొన్నకు మద్దతు ధర కాగితం మీద ఉన్నా కొనేవాడు లేడు. రెండు రూపాయలకు బియ్యం వస్తుంటే చెలకలో జొన్న ఎవరు వేస్తారు? బోర్లు పడ్డ చోట వరి వచ్చింది, పడని చోట పత్తి వచ్చింది. పత్తి ఏం చేసిందో 1997-98లో వరంగల్ జిల్లా రైతుల ఆత్మహత్యలు లోకానికి చెప్పాయి. జొన్నతోపాటు అందులో కలిపి వేసే పప్పులు పోయాయి. గడ్డి మందు వచ్చాక చేనుకూరలు పోయాయి. ట్రాక్టరు వచ్చి ఎడ్లను పంపింది. కరెంటు మోటరు తోలు మోటను పంపింది. మాదిగల తోలు పని, పెద్దకూర రెండూ ఆ పశువులతోనే తగ్గాయి. పైగా 1977 గోవధ నిషేధ చట్టం, ఆ తర్వాతి దాడులు, బెదిరింపులు. పేదోడికి అగ్గువకు దొరికే మాంసం మీద కులం కాపలా కాసింది.

ఆ ఖాళీలోకి నూనె వచ్చింది. 1994లో పామోలిన్ దిగుమతికి తలుపులు బార్లా తెరిచారు. ఉమ్మడి రాష్ట్రంలో కంట్రోలు దుకాణాల్లోనూ పామోలిన్ ప్యాకెట్లు ఇచ్చారు. వరంగల్ నుంచి ఖమ్మం పోయే తొవ్వ మీద ఉన్న తొర్రూరు మండల కేంద్రమై, 2018లో మున్సిపాలిటీ అయింది. ఇట్లాంటి ప్రతి ఊళ్లో బస్టాండు చుట్టూ బజ్జీల బండ్లు, నూడుల్స్ బండ్లు, కూల్‌డ్రింకులు, పది రూపాయల చిప్స్ ప్యాకెట్లు. పొద్దున్నే పనికి పోయే తల్లికి వండే టైం లేదు, పిల్లల చేతుల్లో పది రూపాయలు పెట్టి పోతుంది. ఆమెను తప్పు పట్టేముందు ఆమె పనిగంటలు లెక్కపెట్టాలి.

పని కూడా మారింది. ఇసుర్రాయి, రోకలి, మోట పోయాయి. అవి పోయినందుకు ఏ ఆడమనిషీ ఏడవదు. కోత మిషన్లు కూలి దినాలను మింగాయి. నెలలో కొన్ని రోజులు నడుము విరిగే పని, మిగతా రోజులు ఖాళీ. దీన్ని సోమరితనం అనేవాడికి మిషన్ ఎవరు కొన్నారో తెలియదా?

లెక్కలు ఏమంటున్నాయి

2005-06 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో దేశంలో నూరుమంది ఆడవాళ్లలో 12 లేదా 13 మంది ఉండాల్సిన బరువుకు మించి ఉన్నారు. 2019-21 నాటికి 24 మంది అయ్యారు. తెలంగాణలో ఆడవాళ్లు, మగవాళ్లు ఇద్దరిలోనూ దాదాపు 30 శాతం. అదే సర్వేలో అదే తెలంగాణలో సగానికి పైగా ఆడవాళ్లకు రక్తహీనత, అయిదేండ్ల లోపు పిల్లల్లో మూడో వంతుకు వయసుకు తగ్గ ఎత్తు లేదు. ఒకే రాష్ట్రంలో, ఒక్కోసారి ఒకే ఇంట్లో తల్లికి లావు, బిడ్డకు రక్తం లేదు. ఇది తిండి ఎక్కువైన ఇల్లు కాదు, సరైన తిండి లేని ఇల్లు.

ఇప్పటికీ లావు ఎక్కువగా ఉన్నది డబ్బున్న ఇండ్లల్లో, పై కులాల్లో. అయితే అది కింది వైపు దిగుతోంది, దిగినచోట ఎక్కువ నష్టం చేస్తోంది. పుణేలో డాక్టర్ యాజ్నిక్ బృందం చేసిన పరిశోధన ఇందుకు కారణాన్ని చూపింది. తిండి చాలని తల్లులకు పుట్టిన బిడ్డలు చూడ్డానికి సన్నగా ఉన్నా, వాళ్లలో కండ తక్కువ, కొవ్వు ఎక్కువ. తల్లి కడుపులోనే తిండికి మొహం వాచిన ఒళ్లు దొరికిన ప్రతిదాన్నీ కొవ్వుగా దాచుకుంటుంది. అందుకే మన జనానికి తక్కువ బరువుకే షుగరు వస్తుంది. అంటే తాత చేసిన వెట్టి మనవడి రక్తంలో చక్కెరగా తేలవచ్చు. కులం భూమిలోనే కాదు, ఒంట్లో కూడా లెక్కలు రాసిపెట్టింది.

ఖర్చు ఎవరి మీద

ఉద్యోగికి షుగరు వస్తే సెలవు ఉంది, జీతం ఉంది. కూలికి పోయే మనిషికి మోకాళ్లు పట్టేస్తే ఆ రోజు కూలి పోయినట్టే. 2007లో వచ్చిన ఆరోగ్యశ్రీ పెద్ద ఆపరేషన్లకు అక్కరకొచ్చింది, కాదనలేం. కానీ షుగరు ఆపరేషన్‌తో పోయేది కాదు. రోజూ మాత్ర, నెలనెలా పరీక్ష కావాలి. అవి దగ్గరి సర్కారు దవాఖానలో అయిపోతే ఆర్ఎంపీ దగ్గరికో, మెడికల్ షాపుకో పోవాలి. మాత్ర ఆపేస్తే కాలి పుండు, కిడ్నీ, సుమారు 50 కిలోమీటర్ల దూరంలోని వరంగల్ ఎంజీఎం. చివర్లో లక్షలు పెట్టే పథకం మొదట్లో రూపాయల మాత్రను సరిగా అందించకపోతే లాభపడేది కార్పొరేట్ దవాఖాన.

రాజ్యం ఏం చెబుతోంది, మనం ఏం అడగాలి

2025లో ప్రధానమంత్రి నూనె పది శాతం తగ్గించి వాడమని జనానికి సలహా ఇచ్చారు. సలహాకు పైసా ఖర్చు లేదు. ప్యాకెట్ ముందు భాగంలో చక్కెర, ఉప్పు, కొవ్వు గురించి హెచ్చరిక వేయించడానికి మాత్రం కంపెనీలను ఎదిరించాలి. 2016లోనే చిలీ దేశం నల్ల గుర్తులు వేయించింది. మన దగ్గర 2022లో ముసాయిదాగా వచ్చింది హెచ్చరిక కాదు, నక్షత్రాల గుర్తు. పరీక్ష పేపర్ మీద మార్కులేసినట్టు చిప్స్ ప్యాకెట్‌కు నక్షత్రాలు వేస్తారట. మెక్సికో 2014 నుంచి తీపి పానీయాల మీద లీటరుకు ఒక పెసో పన్ను వేసింది. మన దేశంలోనూ కూల్‌డ్రింకుల మీద పన్ను 40 శాతం ఉంది. కానీ ఆ డబ్బులో ఒక గుడ్డయినా వాడ పిల్లల పళ్లెంలోకి వస్తుందా?

తెలంగాణ ప్రభుత్వం 2024 నుంచి సన్న వడ్లకు క్వింటాలుకు 500 రూపాయల బోనస్, 2025 నుంచి కంట్రోలు దుకాణాల్లో సన్నబియ్యం ఇస్తోంది. దొర తినే బియ్యమే మనకూ రావడం న్యాయమే, దాన్ని వద్దనం. కానీ దొడ్డైనా సన్నమైనా అది పాలిష్ పట్టిన బియ్యమే. 2013 ఆహార భద్రతా చట్టంలో జొన్న, సజ్జ, తైదల వంటి గింజలు కూడా ఉన్నాయి. అమలులో మాత్రం మన కార్డు మీద బియ్యమే.

సాధ్యం కాదనేవాళ్లు జహీరాబాద్ వైపు చూడాలి. అక్కడ డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత ఆడవాళ్లు 1990లలోనే పడావు పడ్డ చెలకల్లో జొన్న పండించి, తామే గింజలు నిలవచేసి, ఊళ్లోని పేదలకు తామే పంచారు. చదువు లేదని లోకం అన్న ఆడవాళ్లు నడిపిన రేషను అది. కోట్ల రూపాయలున్న పౌరసరఫరాల శాఖ చేయలేనిదా?

కాబట్టి బియ్యం తగ్గించమనే వాదానికి మనం ఒప్పుకోకూడదు. బియ్యం ఆపితే షుగరు పోదు, ఆకలి తిరిగి వస్తుంది, దాని వెనకాలే దొర వస్తాడు. మనం అడగాల్సింది బియ్యం పక్కన మిగతా తిండి. కార్డు మీద జొన్నలు, కందిపప్పు. జొన్న పండించే చెలక రైతుకు వడ్లకిచ్చినట్టే కొనుగోలు, బోనస్. హాస్టల్లో, బడిలో, అంగన్‌వాడీలో కోతలేని గుడ్డు. ఎవరు ఏ మాంసం తినాలో చెప్పే పెత్తనానికి ముగింపు. ఉపకేంద్రంలోనే ఏడాదంతా షుగరు, బీపీ మాత్రలు. సర్వేల్లో కులంవారీగా, ఊరువారీగా లెక్కలు, అవి మన చేతికి.

విద్యార్థులు, టీచర్లు ఈ పనిని తమ ఊళ్లోనే మొదలుపెట్టవచ్చు. ఎవరింట్లో ఏం వండుతున్నారు, ముప్పై ఏండ్ల కింద ఏం వండేవాళ్లు, ఏ చెలక ఎప్పుడు పత్తి అయింది, మాత్రలకు నెలకెంత పోతోంది, ఈ నాలుగు ప్రశ్నలు అడిగి రాయండి. మన ఒంటి చరిత్రను మనం రాసుకోకపోతే, ‘బలిసిండ్రు’ అన్నవాళ్లే దాన్నీ రాస్తారు.