మెడ టక్ మనిపిస్తే నొప్పి పోతదా? చాంపీ నుంచి షాంపూ దాకా ఒక చరిత్ర

ఈ ఎపిసోడ్ మన మెడ గురించి.

హనుమకొండ అయినా, కాజీపేట అయినా, సెలూన్‌లో కటింగ్ అయిపోగానే ఒక మాట వినిపిస్తది: "అన్నా, మాలిష్ చేయాల్నా?" తల మీద నాలుగు దెబ్బలు, తర్వాత గడ్డం పట్టుకుని మెడను ఇటొకసారి అటొకసారి టక్కున తిప్పుడు. ఈ అలవాటు వెనక పెద్ద చరిత్రే ఉంది.

ముందుగా మర్దనా సంగతి. పాట్నాలో పుట్టిన షేక్ దీన్ మహమ్మద్ 1814లో ఇంగ్లండ్‌లోని బ్రైటన్‌కి చేరి, అక్కడ ఆవిరి స్నానం, మర్దనా చేసే స్నానశాల నడిపాడు. ఎంత పేరొచ్చిందంటే, నాలుగో జార్జ్, నాలుగో విలియం రాజులకు 'షాంపూయింగ్ సర్జన్' అయ్యాడు. అప్పట్లో షాంపూ అంటే తలకు రాసుకునేది కాదు, ఒళ్లు పిసకడం. మన దేశపు 'చాంపీ'నే అక్కడ షాంపూ అయింది.

మెడ తిప్పడం దారి వేరు. 1895 సెప్టెంబర్ 18న అమెరికాలోని డావెన్‌పోర్ట్‌లో డి.డి. పామర్ అనే ఆయన, తన బిల్డింగ్‌లో పనిచేసే హార్వీ లిలార్డ్ వెన్నుపూసను నొక్కితే, సరిగా వినపడని ఆయనకు వినికిడి వచ్చిందని చెప్పుకున్నాడు. కైరోప్రాక్టిక్ అనే పద్ధతి అట్లా మొదలైంది. అంతకుముందు పామర్ అయస్కాంత వైద్యం పేరుతో చికిత్స చేసేవాడు. ఇక్కడ ఒక లాజిక్ చూడండి: చెవి నరం మెదడు నుంచి నేరుగా చెవికే పోతది, వెన్నులోంచి కాదు. అంటే పునాది కథలోనే డౌట్ ఉంది.

మరి ఆ టక్ సౌండ్? ఎముక "సెట్" అయిందని చాలామంది అనుకుంటారు. కాదు. కీలు మధ్య జిగట ద్రవం ఉంటది. కీలును ఒక్కసారిగా లాగితే లోపల ఒత్తిడి తగ్గి గ్యాస్ ఖాళీ ఏర్పడతది. 2015లో వేళ్ల కీళ్లను ఎమ్మారైలో తీసి దీన్ని చూపించారు. మెటికలు విరిచినప్పుడు వచ్చే సౌండ్ లాంటిదే ఇదీ. కాసేపు హాయిగా ఉంటది, నిజమే. కానీ సౌండ్ వచ్చిందంటే రోగం పోయినట్టు కాదు.

అసలు రిస్క్ ఎముకలో కాదు, రక్తనాళంలో. మెడ ఎముకల పక్కన ఉండే చిన్న రంధ్రాల్లోంచి రెండు ధమనులు మెదడు వెనక భాగానికి పోతాయి. తలకాయ కింద మొదటి పూస దగ్గర మెలిక తిరుగుతాయి. మెడను ఒక్క ఉదుటున తిప్పితే ఆ గోడ లోపలి పొర చిరిగే ప్రమాదం ఉంది. చిరిగిన చోట రక్తం గడ్డకట్టి, ఆ గడ్డ మెదడుకు చేరితే పక్షవాతం.

1947లోనే అమెరికన్ మెడికల్ అసోసియేషన్ జర్నల్‌లో మెడ తిప్పిన తర్వాత మెదడు దెబ్బతిన్న కేసులు వచ్చాయి. 1993లో అదే జర్నల్‌లో డాక్టర్ వైన్‌ట్రాబ్ ఐదు కేసులు రాసి 'బ్యూటీ పార్లర్ స్ట్రోక్' అని పేరు పెట్టాడు. సింక్ మీద మెడ వెనక్కి వంచి తల కడిగించుకున్నవాళ్లు వాళ్లు. 2022లో మన హైదరాబాద్‌లో న్యూరాలజిస్ట్ డాక్టర్ సుధీర్ కుమార్ ఇట్లాంటి కేసే ట్విట్టర్‌లో చెప్పారు: పార్లర్‌లో షాంపూ చేయించుకుంటుండగా ఒక 50 ఏళ్ల మహిళకు కళ్లు తిరగడం, వాంతులు. చూస్తే స్ట్రోక్. 2024లో బళ్లారిలో సెలూన్ మాలిష్‌లో మెడ తిప్పించుకున్న ఒక 30 ఏళ్ల యువకుడికి మెడ ధమని చిరిగి స్ట్రోక్ వచ్చిందని వార్తలొచ్చాయి.

భయపెట్టడానికి చెప్తలేను. ఇవి అరుదు. పైగా ధమని ముందే చిరిగి, ఆ నొప్పితోనే మెడ తిప్పించుకోవడానికి వచ్చేవాళ్లూ ఉంటారు. అందుకే అమెరికన్ హార్ట్ అసోసియేషన్ 2014లో "సంబంధం కనిపిస్తోంది, కారణం ఇదేనని తేలలేదు, కానీ ముందే రిస్క్ చెప్పాలి" అన్న అర్థంలో ప్రకటన ఇచ్చింది. మన సెలూన్‌లో ఆ మాట ఎవరు చెప్తారు?

మన ఊళ్లలో నాయీ బ్రాహ్మణులు కత్తెరకే పరిమితం కాలేదు. చిన్న చిన్న వైద్యాలు చేసేవాళ్లు, ఆ ఇంటి ఆడవాళ్లు మంత్రసాని పని చేసేవాళ్లు. ఆ నమ్మకం ఊరికే రాలేదు. 2021 నుంచి తెలంగాణ ప్రభుత్వం సెలూన్లకు నెలకు 250 యూనిట్ల కరెంట్ ఫ్రీగా ఇస్తోంది. ఆ పని మీద బతికే కుటుంబాలు అన్ని ఉన్నాయి మరి. తప్పు సెలూన్ అన్నది కాదు. కస్టమర్ సంతోషపడతాడని చేస్తాడు. వద్దంటే చేయడు.

కాబట్టి ఒక్క మాట చాలు: "అన్నా, మాలిష్ చెయ్, మెడ మాత్రం తిప్పకు." మెడ పట్టేస్తే ఫిజియోథెరపిస్ట్ దగ్గరికి పోండి. మెడ తిప్పించుకున్నాక కొత్తగా గట్టి నొప్పి, కళ్లు తిరగడం, ఒకటి రెండుగా కనపడటం, మాట తడబడటం, నడకలో తూలడం ఉంటే పడుకుంటే పోతదని అనుకోకండి. వెంటనే 108కి ఫోన్ చేయండి. గడ్డను కరిగించే ఇంజెక్షన్‌కి సాధారణంగా నాలుగున్నర గంటలే టైమ్.

ఈ వీడియో మీ ఫ్రెండ్స్‌కే కాదు, మీ సెలూన్ అన్నకి కూడా పంపండి. ఆయనకీ తెలియాలి కదా. మళ్లీ కలుద్దాం.