ఐర్లాండ్ తిరుగుబాటు మదనపల్లెకు వచ్చిన దారి

అనంతపురం మెట్టభూములు దాటి, కదిరి మీదుగా దక్షిణానికి సాగితే మదనపల్లె వస్తుంది. వాన కోసం ఎదురుచూసే ఈ సీమకు ఐర్లాండ్ తిరుగుబాటుతో చుట్టరికం కలిపినవారు జేమ్స్, మార్గరెట్ కజిన్స్ దంపతులు.

మార్గరెట్ సంగీతం చదివిన మనిషి. 1908లో డబ్లిన్‌లో స్త్రీల ఓటుహక్కు కోసం ఐరిష్ ఉమెన్స్ ఫ్రాంచైజ్ లీగ్‌ను స్థాపించినవారిలో ఒకరు. 1910లో లండన్ హాలోవే జైలు చూశారు. 1913లో డబ్లిన్ కోట కిటికీ అద్దాలు పగలగొట్టి టల్లమోర్ జైలుకు వెళ్లి, అక్కడ నిరాహారదీక్ష పట్టారు. జేమ్స్ కవి. 1915లో ఇద్దరూ మద్రాసు చేరారు. జేమ్స్‌కు దివ్యజ్ఞాన సమాజ నాయకురాలు అనీబిసెంట్ నడిపే ‘న్యూ ఇండియా’ పత్రికలో పని దొరికింది.

1916 ఏప్రిల్ 24న డబ్లిన్‌లో ఈస్టర్ తిరుగుబాటు లేచింది. స్వతంత్ర గణతంత్రాన్ని చాటిన ప్రకటన ఐర్లాండ్ పురుషులతో పాటు స్త్రీలనూ సంబోధించింది, పౌరులందరికీ సమాన హక్కులన్నది. బ్రిటిష్ ప్రభుత్వం నాయకులను కాల్చి చంపింది. ఆ తిరుగుబాటును మెచ్చుకుంటూ జేమ్స్ ‘న్యూ ఇండియా’లో రాశారు. ఆ రాతతో కొలువు పోయింది. బిసెంట్ ఆయన్ను మదనపల్లె దివ్యజ్ఞాన కళాశాలకు పంపారు. ఐర్లాండ్‌లో పుట్టిన హోంరూల్ నినాదాన్ని అదే ఏడాది సెప్టెంబరులో బిసెంట్ భారతదేశంలో లీగ్‌గా నిలబెట్టారు.

మదనపల్లెలో మార్గరెట్ స్థానిక స్త్రీలను ‘అబలాభివర్ధినీ సమాజం’గా కూడగట్టారు. 1917 మే నెలలో మద్రాసు అడయారులో భారత మహిళా సంఘం పుట్టుకలోనూ ఆమె చెయ్యి ఉంది. ఆ డిసెంబరులో సరోజినీ నాయుడు నాయకత్వాన స్త్రీల బృందం బ్రిటన్ ప్రభుత్వంలో భారత వ్యవహారాల మంత్రి మాంటేగును కలిసి ఓటు అడిగింది. దాని వెనుక ప్రయత్నం మార్గరెట్‌దే. 1921లో మద్రాసు శాసనమండలి స్త్రీలకు ఓటిచ్చింది.

1919 ఫిబ్రవరిలో రవీంద్రనాథ్ ఠాగూర్ మదనపల్లెలో బస చేశారు. ‘జనగణమన’ పాడి వినిపించారు. మార్గరెట్ ఆ బాణీకి స్వరాలు రాసిపెట్టారు. ఫిబ్రవరి 28న ఠాగూర్ దాన్ని ఇంగ్లీషులోకి తెచ్చారు. 1950 జనవరి 24న అది జాతీయగీతమైంది.

1932లో బ్రిటిష్ ప్రభుత్వ ఆర్డినెన్సులను ధిక్కరించి మాట్లాడినందుకు మార్గరెట్‌కు ఏడాది శిక్ష పడింది. ఈసారి వెల్లూరు జైలు. ఐర్లాండ్‌లో అడిగిన న్యాయాన్నే ఆమె ఇక్కడా అడిగారు, అదే మూల్యం చెల్లించారు. తిరుగుబాటంటే తుపాకీ ఒక్కటే కాదు. చదువు చెప్పడం, స్త్రీలను కూడగట్టడం, అవసరమైతే జైలుకు పోవడం కూడా. మన సీమ బడిపిల్లలకు ఈ కథ పాఠంగా చెప్పాలి.