చంద్రలేఖ: ఒక తెలుగు పాట, సీమ కరువు, శరీరమే నిరసన

వియత్నాం యుద్ధం ఆపాలంటూ 1969లో జాన్ లెనన్, యోకో ఓనో దంపతులు ఆమ్‌స్టర్‌డామ్, మాంట్రియల్ హోటళ్లలో మంచం దిగకుండా రోజుల తరబడి విలేకరులతో మాట్లాడారు. శరీరాన్నే నిరసనగా నిలిపే ఇలాంటి కళను పర్ఫార్మెన్స్ ఆర్ట్ అంటున్నాం. మన చెన్నైలో ఆ దారికి దగ్గరగా నడిచిన నర్తకి చంద్రలేఖ (1928–2006). ఆమె తెలుగువారు కారు. అయినా ఆమె ఆలోచన మలుపు తిరిగింది తెలుగు పాట దగ్గరే.

మహారాష్ట్రలోని వాడాలో పుట్టిన చంద్రలేఖ మద్రాసు వచ్చి కాంచీపురం ఎల్లప్ప పిళ్ళై వద్ద భరతనాట్యం నేర్చుకున్నారు. 1952లో ఆమె అరంగేట్రం రాయలసీమ కరువు సహాయ నిధి కోసం జరిగింది. సీమ జిల్లాలు అప్పటికి మద్రాసు రాష్ట్రంలోనివే. ఆ రోజు ఆమె 'మధురా నగరిలో' అభినయించారు. చిత్తూరు సుబ్రహ్మణ్య పిళ్ళై పేరున ప్రచారంలో ఉన్న తెలుగు జావళి అది. యమునలో జలక్రీడను చూపుతుండగా, పత్రికల్లో చూసిన బీటలువారిన నేల, డబ్బాలు పట్టుకుని నీళ్లకోసం బారులు తీరిన జనం ఆమెకు గుర్తొచ్చారు. చేతులు ఆగిపోయాయి. వేదిక మీద పొంగే నీరు, బయట గుక్కెడు నీటికి కరువు! కళకూ జీవితానికీ మధ్యనున్న ఈ దూరం ఆమెను చివరిదాకా వెంటాడింది.

తర్వాత చాలా ఏళ్లు వేదికకు దూరమై, రచన, పోస్టర్లు, స్త్రీల ఉద్యమాల్లో పనిచేశారు. 1982లో ఆమెపై, సదానంద్ మీనన్‌పై రాజద్రోహం కేసు పెట్టారు, అది నిలవలేదు. 1985లో 'అంగిక'తో తిరిగొచ్చారు. దేవతల కథలు, నగల అలంకారం పక్కనబెట్టి, భరతనాట్యానికి యోగాసనాలను, కలరిపయట్టును జోడించారు. కలరి యుద్ధవిద్య; ఆమె దాని బలాన్ని తీసుకుని, చంపే పనిని వదిలేశారు. 'శ్రీ' (1991)లో వంగిన స్త్రీ వెన్నెముక నిటారుగా లేవడమే కథ. 'శరీర' (2001) ఆమె చివరి రచన. 2004లో సంగీత నాటక అకాడమీ ఫెలోషిప్ వచ్చింది. బెసెంట్ నగర్ సముద్రతీరంలోని ఆమె ఇల్లే 'స్పేసెస్' కళాకేంద్రం.

చెన్నై సభల్లో మన పిల్లలు నేటికీ తెలుగు పదాలకూ జావళీలకూ నర్తిస్తున్నారు. సాహిత్యం అర్థం చెప్పేటప్పుడు ఈ 1952 నాటి సంగతి కూడా చెబుదాం. పాటలోని నీటికీ ఊళ్లోని నీటికీ సంబంధం ఉందని వాళ్లకు తెలియాలి.