భద్రాచలం జామాయిల్ తోటలు: తెగులు నివారణ నుండి వృక్ష ఎంపిక వరకు

వృక్షాల శిలీంధ్ర తెగుళ్ల నివారణ చరిత్రలో రెండు మార్గాలు ప్రధానమైనవి: వ్యాప్తిని అడ్డుకోవడం, తట్టుకునే చెట్టును ఎంచుకోవడం. ఉత్తర అమెరికాలో తెల్ల పైన్ వృక్షాలకు సోకే తుప్పు తెగులు ఒక పైన్ నుండి మరొక పైన్‌కు నేరుగా వ్యాపించదు; దానికి రైబీస్ పొదల ఆశ్రయం అవసరం. అందువల్ల అక్కడ దశాబ్దాలపాటు ఆ పొదలను పెకలించారు. అది చాలాచోట్ల ఆశించిన ఫలితమివ్వకపోవడంతో నిరోధకశక్తి గల పైన్‌ల ఎంపికకు ప్రాధాన్యం పెరిగింది.

ఖమ్మం, భద్రాచలం అటవీ సరిహద్దులో ఈ రెండవ మార్గం జామాయిల్ తోటలలో కనిపిస్తుంది. సారపాక కాగితపు మిల్లు 1982లో రైతుల పొలాలలో జామాయిల్ పెంపకాన్ని ప్రోత్సహించింది. పరిశ్రమలు ముడిసరుకును వీలైనంతవరకు రైతుల నుండే పొందాలని 1988 జాతీయ అటవీ విధానం నిర్దేశించడంతో ఈ తోటల ప్రాముఖ్యం హెచ్చింది. అయితే విత్తనం నుండి పెరిగిన చెట్లలో ఏకరూపత లేదు; సిలిండ్రోక్లాడియం శిలీంధ్రం వల్ల వచ్చే ఆకుమాడు తెగులుకు కొన్ని లొంగేవి, కొన్ని నిలిచేవి. 1989లో ఆరంభమైన క్లోన్ కార్యక్రమం ఈ వైవిధ్యాన్నే ఆధారం చేసుకున్నది. మేలైన చెట్లను నరికి, మోళ్ల నుండి వచ్చిన చిగురు కొమ్మలకు వేళ్లు తొడిగించి, పొలాలలో పరీక్షించిన పిమ్మట రైతులకు అందించారు.

ఈ విజయంలోనే ప్రమాదమూ ఇమిడి ఉన్నది. ఒకే క్లోన్ నిండిన తోటలో చెట్లన్నింటి బలహీనతా ఒక్కటే. 2000 తరువాత దక్షిణ భారతంలో వ్యాపించిన, ఆకులపై బుడిపెలు కలిగించే కందిరీగ ఈ సత్యాన్ని రుజువు చేసింది. కనుక ఎంపిక ఒక్కసారితో ముగిసేది కాదు. పలు క్లోన్ల సహజీవనమే చిన్న రైతు పెట్టుబడికి రక్ష.