ఓటరు జాబితాలో పేరు: ప్రజాస్వామ్య సిద్ధాంతంలో 'వ్యక్తి' ప్రశ్న

ఉపోద్ఘాతం

'ప్రజాస్వామ్యం' అనే సమాసంలో రెండు భిన్నమైన అర్థచ్ఛాయలు ఇమిడి ఉన్నాయి. సంస్కృతంలో 'ప్రజా' శబ్దానికి సంతానం అనే అర్థం ఉంది. పాలకుని రక్షణలో ఉన్న జనం అనే అర్థమూ ఉంది. రాజు తండ్రి, జనులు బిడ్డలు అనే భావన ఆ శబ్దంతోనే వస్తుంది. 'స్వామ్యం' అంటే యాజమాన్యం. దాని మూలంలో ఉన్నది 'స్వ', అంటే 'తన'. ఒకరి సంరక్షణలో ఉన్నవారిని తమకు తామే యజమానులుగా ప్రకటించే మాట ఇది. అయితే ఈ 'తాను' ఎవరు? ఆ వ్యక్తిని రాజ్యం ఎలా గుర్తిస్తుంది? భారతదేశపు మొదటి సార్వత్రిక ఎన్నికల ఓటర్ల జాబితా ఈ తాత్విక ప్రశ్నను ఆచరణలో ఎదుర్కొన్న తీరును పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

అర్హత సిద్ధాంతం

పందొమ్మిదో శతాబ్దపు ఉదారవాదంలో ఓటు హక్కు చర్చ ప్రధానంగా అర్హత చుట్టూ తిరిగింది. జాన్ స్టూవర్ట్ మిల్ 1861లో ప్రాతినిధ్య ప్రభుత్వంపై రాసిన గ్రంథంలో, చదవడం, రాయడం, సామాన్య గణితం రానివారికి ఓటు ఉండకూడదన్నాడు. విద్యావంతులకు ఒకటికి మించిన ఓట్లు ఇవ్వవచ్చునన్నాడు. అదే గ్రంథంలో స్త్రీ అయినంత మాత్రాన ఓటు నిరాకరించడం అసంగతమనీ వాదించాడు. 1823 నుంచి 1858 వరకు ఈస్టిండియా కంపెనీ లండన్ కార్యాలయంలో ఉద్యోగం చేసిన మిల్, వలస ప్రజలు స్వపరిపాలనకు ఇంకా సిద్ధంగా లేరన్న అభిప్రాయాన్ని సమర్థించినవాడు కూడా. మొత్తం మీద మిల్ దృష్టిలో ఓటు, యోగ్యత నిరూపించుకున్నవారికి దక్కే బాధ్యత.

వలస పాలనలోని చట్టాలు ఈ అర్హత భావనను ఆస్తి, పన్ను, చదువు అనే కొలతలలోకి మార్చాయి. స్త్రీల ఓటు హక్కు కోసం 1917లో సరోజినీ నాయుడు నాయకత్వంలో ఒక ప్రతినిధి వర్గం మద్రాసులో మాంటేగును కలిసింది. 1921లో మద్రాసు శాసన మండలి, స్త్రీ అన్న కారణంతో ఓటు నిరాకరించే నిబంధనను తొలగించింది. కాని ఆస్తి అర్హత అలాగే ఉండడం వల్ల ఆ మేలు కొద్దిమందికే అందింది. 1932లో లోథియన్ కమిటీ వయోజన ఓటు హక్కును వెంటనే అమలు చేయడం పాలనాపరంగా అసాధ్యమని భావించింది. స్త్రీ ఓటర్ల సంఖ్య పెంచడానికి, ఆస్తి అర్హత గల పురుషుల భార్యలకు ఓటు ఇచ్చే మార్గాన్ని సూచించింది. 1935 చట్టంలోనూ ఆ మార్గానికి చోటు దొరికింది. ఆ విధంగా 'ఫలానావారి భార్య' అనే గుర్తింపు చట్టంలో ఓటుకు అర్హతగా మారింది. ఆ స్త్రీకి ఓటు వచ్చింది, కాని అది భర్త ఆస్తి ద్వారా సంక్రమించిన ఓటు.

అర్హత నుంచి హక్కుకు

ఈ వరుసను తలకిందులు చేసిన వాదం అంబేద్కర్‌ది. సైమన్ కమిషన్‌తో కలిసి పనిచేసిన బొంబాయి ప్రాంతీయ కమిటీ సభ్యునిగా 1929లో ఇచ్చిన ప్రత్యేక నివేదికలో ఆయన వయోజన ఓటు హక్కును కోరారు. నిరక్షరాస్యతను అవివేకంతో సమానం చేయడం పొరపాటని వాదించారు. బలహీనులకు ఓటు ఆత్మరక్షణ సాధనం. అర్హత సంపాదించే వరకు వేచి ఉండమంటే, ఆ అర్హతను అడ్డుకుంటున్న వారి దయకు వారిని వదిలివేయడమే.

రాజ్యాంగంలోని 326వ అధికరణం ఈ దృక్పథాన్ని చట్టంగా మలచింది. ఆనాడు 21 ఏళ్లు నిండిన ప్రతి పౌరునికీ ఓటు ఉండేది. నివాసం లేకపోవడం, మతిస్థిమితం లేకపోవడం, నేరం, ఎన్నికల అక్రమాలు అనే కారణాలతో మాత్రమే చట్టం దానిని నిరాకరించగలదు. ఆస్తి గాని, చదువు గాని అందులో లేవు. 1951 జనగణన ప్రకారం అక్షరాస్యత సుమారు 18 శాతం, స్త్రీలలో 9 శాతానికి లోపు. మిల్ షరతును పాటించి ఉంటే ఆ జనంలో అత్యధికులు జాబితా బయటే మిగిలేవారు. అందుకు భిన్నంగా, రాజ్యాంగంపై చర్చ ముగియకముందే, 1948లోనే, వయోజన ఓటు ప్రాతిపదికపై జాబితాల తయారీకి పని మొదలైంది.

పేరు చెప్పని ఓటర్లు

1951 అక్టోబరు నుంచి 1952 ఫిబ్రవరి వరకు జరిగిన ఎన్నికలకు సుమారు 17.3 కోట్ల మంది ఓటర్లు నమోదయ్యారు. నమోదు సమయంలో అనేకమంది స్త్రీలు తమ పేరు చెప్పలేదు. ఫలానావారి భార్య, ఫలానావారి కుమార్తె అని మాత్రమే చెప్పారు. అపరిచితులకు పేరు తెలపకపోవడం అక్కడి ఆచారం. అటువంటి నమోదులను అంగీకరించరాదని ప్రధాన ఎన్నికల కమిషనర్ సుకుమార్ సేన్ నిర్ణయించారు. సుమారు 8 కోట్ల మంది స్త్రీ ఓటర్లలో దాదాపు 28 లక్షల మంది సొంత పేర్లు ఇవ్వలేదు, వారి నమోదులను జాబితా నుంచి తొలగించారు. వీరిలో ఎక్కువమంది బీహార్, ఉత్తరప్రదేశ్, మధ్యభారత్, రాజస్థాన్, వింధ్యప్రదేశ్ ప్రాంతాల వారు.

1935 చట్టంలో ఓటు తెచ్చిపెట్టిన గుర్తింపే ఇప్పుడు ఓటు పోవడానికి కారణమయింది. ఈ మార్పు రెండు విధాల వ్యాఖ్యానానికి అవకాశమిస్తుంది.

మొదటిది, ఆ తొలగింపు అన్యాయం. 326వ అధికరణం పేర్కొన్న అనర్హతలలో పేరు చెప్పకపోవడం లేదు. వయోజనురాలు కావడమే చాలునన్న సూత్రానికి రాజ్యం కొత్త షరతు చేర్చింది. ఆ భారం కూడా ఆచారానికి ఎక్కువగా లోబడి ఉన్నవారి మీదే పడింది.

రెండవది, ఆ నిర్ణయం సమానత్వ సూత్రానికి అవశ్యమైన ఫలితం. ఒక వ్యక్తికి ఒకే ఓటు అన్నప్పుడు ఆ వ్యక్తిని విడిగా గుర్తించగలగాలి. 'ఫలానావారి భార్య' అన్నది సంబంధాన్ని తెలుపుతుంది కాని వ్యక్తిని తెలపదు. భర్త మరణిస్తే ఆ వర్ణన మారుతుంది, ఓటరు మాత్రం ఆమే. ఆ వర్ణనను అంగీకరిస్తే ఓటు మళ్లీ భర్త ద్వారా సంక్రమించినట్లే అవుతుంది.

ఈ రెండు వాదాలూ పేరును స్త్రీ చేతిలో ఉన్న సొత్తుగా, ఇవ్వడమో మానడమో ఆమె ఇష్టంగా భావిస్తున్నాయి. పేరు చెప్పగలగడం సామాజిక స్థితి. పలకడానికి ఇంటిలో, ఊరిలో అనుమతి ఉన్నప్పుడే పేరు పేరవుతుంది. రాజకీయాలలో సమానత్వం, సామాజిక జీవితంలో అసమానత్వం అనే వైరుధ్యంలోకి దేశం అడుగుపెడుతున్నదని 1949 నవంబరు 25న అంబేద్కర్ రాజ్యాంగ సభను హెచ్చరించారు. ఓటు వేసేందుకు వెళ్లకముందే, నమోదు పత్రంపైనే ఆ వైరుధ్యం ఎదురయిందని ఈ 28 లక్షల ఖాళీలు చెబుతున్నాయి.

తెలుగు సందర్భం

పై జాబితాలో తెలుగు ప్రాంతాలు ప్రధానంగా కనిపించవు. అయినా భర్త పేరు పలకకపోవడం, కోడలిని ఇంటిపేరుతోనో వరుసతోనో పిలవడం మన సమాజానికి అపరిచితం కాదు. భండారు అచ్చమాంబ 1901లో 'అబలా సచ్చరిత్ర రత్నమాల'లో స్త్రీల చరిత్రలను వారి వారి పేర్లతో సంకలనం చేశారు. రాజ్యం స్త్రీని పేరుతో లెక్కించడానికి అర్ధశతాబ్దం ముందే తెలుగు రచన ఆ పనికి పూనుకొంది. పౌరసత్వ చరిత్ర రాసేటప్పుడు ఇటువంటి గ్రంథాలను కూడా ఆధారాలుగా పరిగణించవలసి ఉంది.

ముగింపు

యోగ్యత ఉంటేనే హక్కు అన్న మిల్ వరుసను భారత రాజ్యాంగం తిరగవేసి, హక్కునే ముందు నిలిపింది. అయితే ఆ హక్కును అందుకోవలసిన వ్యక్తి సమాజంలో అప్పటికే సిద్ధంగా ఉన్నట్లు భావించింది. పేరు అడిగిన రాజ్యం, ఉన్న వ్యక్తిని గుర్తించడంతోపాటు, ఆ వ్యక్తి ఏర్పడాలని కూడా కోరింది. ఆ కోరిక సమంజసమే. అది నెరవేరేలోపు చెల్లించిన మూల్యం మాత్రం కోరినవారిది కాదు. నేటికీ మన ఓటరు జాబితాలో పేరు పక్కన చాలావరకు తండ్రి పేరో భర్త పేరో కనిపిస్తుంది. అందుచేత సార్వజనీన ఓటు హక్కును 1950లో పూర్తయిన ఘట్టంగా గాక, 'ప్రజ' 'స్వామి'గా మారే క్రమంలో ఇంకా ముగియని దశగా అధ్యయనం చేయడం సముచితం.