కొజ్జా: దర్బారులో బిరుదు, బజారులో తిట్టు

కొడకండ్ల బస్టాండులోనైనా, హైదరాబాదు సిగ్నల్ దగ్గరైనా ‘కొజ్జా’ అంటే తిట్టే. పుట్టుకతో అది తిట్టు కాదు. పారసీలో ‘ఖ్వాజా’ అంటే దొర, పెద్దమనిషి. మొగలుల అంతఃపురాలు చూసుకున్న నపుంసక అధికారులు ‘ఖ్వాజాసరా’లు. దర్బారులు పోయాయి, మర్యాదా పోయింది. ఖ్వాజా మన నోట కొజ్జా అయి, ఎగతాళిగా మిగిలింది.

‘హిజ్రా’ గురువు, చేలాల కట్టుబాటున్న సమూహం పేరు. ‘ట్రాన్స్‌జెండర్’ అంతకన్నా విశాలం. అందులో ట్రాన్స్ పురుషులూ ఉంటారు. మన దగ్గర మరో మాట ఉంది: శివసత్తి. కొమురవెల్లి, ఐనవోలు మల్లన్న జాతరల్లో బోనమెత్తి పూనకంతో ఊగే శివసత్తుల్లో ట్రాన్స్ మహిళలూ కనిపిస్తారు. జాతరనాడు మొక్కిన చేతులే మర్నాడు ఇల్లు అద్దెకివ్వడానికి ముడుచుకుంటాయి.

‘ఎల్‌జీబీటీక్యూ’లో ట్రాన్స్‌జెండర్లను సూచించే ‘టీ’ది నాలుగో చోటు. మన సుప్రీంకోర్టులో మాత్రం వాళ్ల గెలుపే ముందు: ట్రాన్స్‌జెండర్ల గుర్తింపు తీర్పు 2014లో, స్వలింగ సంబంధాలు నేరం కాదన్న తీర్పు 2018లో. అయినా ఆడవేషంలో వీధిలో ఆడిపాడితే వారెంటు లేకుండా అరెస్టు చేయనిచ్చిన నిజాం కాలపు చట్టం (1329 ఫస్లీ, అంటే 1919) పుస్తకాల్లో అలాగే ఉండిపోయింది. చివరికి ట్రాన్స్ హక్కుల కార్యకర్త వైజయంతి వసంత మొగ్లి తదితరుల పిటిషన్లపై తెలంగాణ హైకోర్టు 2023 జులైలో దాన్ని కొట్టేసింది.

చట్టం నుంచి ఆ అవమానం పోయింది. నోటి నుంచి తీసేయాల్సింది మనమే.