పట్టాలకూ నదికీ నడుమ తెలిపారా

తెలిపారా అన్న పేరు తెలుగువారికి పూర్తిగా పరాయిది కాదు. నూనె గానుగలు తిప్పే తేలీల పేట అని దాని అర్థం. ఉత్తరాంధ్రలో ఆ వృత్తివారినే తెలికులవారంటారు. బిలాస్‌పూర్ పాత ఊరిలోని ఈ బజారు వీధిలో వాహనాలు కదలకపోతే, వీధి ఇరుకనీ వ్యాపారులు ఆక్రమించారనీ అనడం పరిపాటి. అందులో నిజం లేకపోలేదు. కాని ఆ ఇరుకుకు నూరేళ్లు దాటిన విధాన చరిత్ర ఉంది.

1887లో ఏర్పడిన బెంగాల్ నాగపూర్ రైల్వే, 1891 నాటికి నాగపూర్ నుంచి అసన్‌సోల్ దాకా తన ప్రధాన మార్గాన్ని పూర్తిచేసింది. కట్నీ శాఖ కూడా కలవడంతో బిలాస్‌పూర్ జంక్షన్ అయింది. రైలు కొలువుల కోసం ఉత్తరాంధ్ర నుంచి తెలుగు కుటుంబాలు తరలివచ్చాయి. 1931లో రాయపూర్–విజయనగరం మార్గం పూర్తయ్యాక ఆ రాకపోకలు సులువయ్యాయి. రైల్వే తన కాలనీని పాత ఊరికి ఎడంగా, వీధులు తీర్చి కట్టుకుంది. పాత ఊరు మాత్రం ఒక పక్క అర్పా నదికీ మరో పక్క కట్నీ పట్టాలకూ మధ్య చిక్కింది. రాయపూర్ రోడ్డు తిఫరా దగ్గర ఆ పట్టాలను దాటితే గాని ఊళ్లోకి రాదు.

ఆనాటి పాలకులు మొదట రోడ్డును ఆదరించినవారే. 1927లో నియమితమైన జయకర్ కమిటీ సూచనపై పెట్రోలు సుంకంతో 1929లో రోడ్డు నిధి ఏర్పడింది. అంతలోనే ఆర్థిక మాంద్యం వచ్చి రైల్వేల రాబడి పడిపోయింది. రైల్వేల్లో ప్రభుత్వ ధనం ఉంది, కంపెనీలకిచ్చిన హామీలున్నాయి. 1933 నాటి మిచెల్–కర్క్‌నెస్ నివేదిక, పట్టాల పక్కనే సాగే రోడ్ల మీది మోటారు బస్సులు రైలుకు తెచ్చిన నష్టాన్ని లెక్కకట్టింది. 1939 మోటారు వాహనాల చట్టం పర్మిట్ల పగ్గం బిగించింది. రోడ్డునూ రైలునూ ఒకే ప్రయాణంలోని రెండు అంచెలుగా కాక, ఇద్దరు పోటీదారులుగా చూసే అలవాటు అక్కడే స్థిరపడింది.

1943లో ముఖ్య ఇంజనీర్లు నాగపూర్‌లో సమావేశమై దేశానికి తొలి రోడ్ల ప్రణాళిక రచించారు. బిలాస్‌పూర్ జిల్లా అప్పుడు ఆ నాగపూర్ రాజధానిగా ఉన్న రాష్ట్రంలోదే. జాతీయ, ప్రాంతీయ, జిల్లా, గ్రామ రహదారులని ఆ ప్రణాళిక తరగతులు ఏర్పరిచింది. పట్టణ వీధికి వాటిలో చోటు లేదు. తరువాత రాజ్యాంగం రైల్వేలనూ జాతీయ రహదారులనూ కేంద్ర జాబితాలోను, తక్కిన రోడ్లను రాష్ట్ర జాబితాలోను పెట్టింది. 74వ సవరణ రోడ్లు, వంతెనలను పురపాలక సంఘాల పనుల పట్టికలో చేర్చింది గాని, నిధుల మాట రాష్ట్రాల దయకు విడిచింది. తిఫరా నుంచి తెలిపారాకు వచ్చే మనిషి రెండు మూడు మైళ్లలోనే ఇందరు యజమానుల హద్దులు దాటుతాడు.

చికిత్సలు జరగలేదని కాదు. తిఫరాలో పట్టాలపై వంతెనలు లేచాయి. తెలిపారా చెంతనున్న బస్టాండు తిఫరాకు తరలింది. పాత బస్టాండన్న పేరు మాత్రం ఆ చోటుకు మిగిలింది. పెద్ద బస్సులు బజారును వదిలాయి, నిజమే. అయితే బస్సు దిగినవాడి పని మాత్రం ఇంకా బజారులోనే ఉంది. అతణ్ణి అక్కడికి చేర్చే బాధ్యత ఆటోల మీద పడింది. ఒక పెద్ద బండిని తప్పించి పది చిన్న బండ్లను పిలవడాన్ని రద్దీ నివారణ అనడం సాహసమే.

తరలించవలసింది వాహనాలను కాదు, మనుషులను అని 2006 నాటి జాతీయ పట్టణ రవాణా విధానం స్పష్టంగానే చెప్పింది. రోడ్డు, రైలు, బస్సులను ఒక్కచోట ఆలోచించే ఏకీకృత రవాణా సంస్థను కూడా సూచించింది. అయితే 10 లక్షల జనాభా దాటిన నగరాలకే. ఆగ్నేయ మధ్య రైల్వే ప్రధాన కార్యాలయం, రాష్ట్ర హైకోర్టు, సౌత్ ఈస్టర్న్ కోల్‌ఫీల్డ్స్ కేంద్రం ఉన్న బిలాస్‌పూర్, 2011 జనగణనలో అందులో సగాన్నీ అందుకోలేదు. అందువల్ల రైల్వే తన వంతెననూ, రాష్ట్రం తన రోడ్డునూ, నగరపాలక సంస్థ తన కాలువనూ వేర్వేరు ఫైళ్లలో నడుపుతున్నాయి. ఆ పరిమితిని 3 లక్షలకు తగ్గించడానికి కొత్త వంతెనంత ఖర్చు కాదు; ఢిల్లీలో ఒక్క సవరణ చాలు.